ఉద్యోగ నియామకాల్లో అన్యాయం: కోర్టు ఏది వింటుంది, ఏది వినదు

(గుంటూరులో పోటీ పరీక్షల అభ్యర్థులు, న్యాయశాస్త్ర విద్యార్థుల సభలో సర్వీసు వ్యవహారాలు చూసే ఒక న్యాయవాది చేసిన ప్రసంగానికి లిఖిత పాఠం)

సభకు నమస్కారం. ప్రభుత్వ ఉద్యోగ నియామకాల్లో పక్షపాతం గురించి, దాన్ని కోర్టులో ఎదుర్కొనే మార్గాల గురించి మాట్లాడమని నిర్వాహకులు కోరారు. ఈ సభలో సగం మందికి పైగా బ్రాడీపేటలోనో అరండల్‌పేటలోనో గది అద్దెకు తీసుకొని గ్రూప్స్‌కో, డీఎస్సీకో, పోలీసు ఉద్యోగాలకో చదువుతున్నవారే ఉన్నారు. మిగిలినవారు న్యాయ కళాశాలల విద్యార్థులు. మొదటివారికి తెలిసి ఉండాల్సినదీ, రెండోవారు నేర్చుకోవాల్సినదీ ఒకటే గనుక ఇద్దరినీ విడదీయకుండా మాట్లాడతాను.

నేను చెప్పదలచుకున్నది ముందే చెప్పేస్తాను. మనసుకు అన్యాయమని తోచే విషయానికీ, కోర్టు అన్యాయమని ఒప్పుకొనే విషయానికీ మధ్య చాలా దూరం ఉంది. మీకు ఉద్యోగం రావాలా వద్దా అన్న ప్రశ్నలోకి కోర్టు దాదాపుగా వెళ్ళదు. ఎంపిక ఏ నియమం ప్రకారం జరగాలి, ఆ నియమం అభ్యర్థికి ఎప్పుడు తెలిసింది, ఎంపిక చేసినవారు దాన్ని ఎక్కడ తప్పారు, అభ్యర్థి ఎప్పుడు అభ్యంతరం చెప్పాడు అని చూస్తుంది. నేను చూసినంతలో మన పిటిషన్లు ఎక్కువగా కూలిపోయేది ఆ చివరి ప్రశ్న దగ్గరే.

రాజ్యాంగంలోని 14వ అధికరణం చట్టం ముందు అందరూ సమానమని చెబితే, 16వ అధికరణం ఆ సమానత్వాన్ని ప్రభుత్వోద్యోగాల గుమ్మం దాకా తెచ్చింది. మతం, జాతి, కులం, లింగం, వంశం, పుట్టిన చోటు, నివాసం, వీటిలో దేన్నిబట్టీ ఉద్యోగ విషయంలో వివక్ష చూపరాదని 16(2) అంటుంది. ప్రభుత్వ కొలువుల్లో తగినంత ప్రాతినిధ్యం లేని వెనుకబడిన తరగతులకు పోస్టులు కేటాయించవచ్చని 16(4) అంటుంది. నివాసం ఆధారంగా షరతు పెట్టాలంటే ఆ అధికారం పార్లమెంటుకే ఉందని 16(3) చెబుతుంది. ఈ మూడింటి మధ్య జరిగిన పెనుగులాటలో మన ప్రాంతం పాత్ర చిన్నది కాదు.

గుంటూరు, కృష్ణా జిల్లాలు ఇంకా మద్రాసు రాష్ట్రంలో ఉన్న రోజుల్లో అక్కడి పబ్లిక్ సర్వీస్ కమిషన్ 83 జిల్లా మున్సిఫ్ (కింది కోర్టు సివిల్ జడ్జి) పోస్టులకు దరఖాస్తులు పిలిచింది. అప్పటికి అమల్లో ఉన్న కమ్యూనల్ జీవో (కులమతాల వారీగా పంచమన్న ప్రభుత్వ ఉత్తర్వు) ప్రకారం ఆ పోస్టులను హరిజనులకు 19, ముస్లింలకు 5, క్రైస్తవులకు 6, వెనుకబడిన హిందువులకు 10, బ్రాహ్మణేతర హిందువులకు 32, బ్రాహ్మణులకు 11 చొప్పున పంచారు. అంటే ఎవరి గడి వారిదే, అందరూ కలిసి పోటీపడే పోస్టు ఒక్కటి కూడా లేదు. 1951 ఏప్రిల్ 9న సుప్రీంకోర్టు ఈ పంపకాన్ని పరిశీలించి, హరిజనులకు, వెనుకబడిన హిందువులకు కేటాయించినది 16(4) కిందికి వస్తుందనీ, మిగిలిన పంపకం కులమతాల ఆధారంగా చేసిన వివక్షేననీ తేల్చింది. విద్యాసంస్థల్లో ప్రవేశాల గురించిన చంపకం దొరైరాజన్ తీర్పు కూడా అదే రోజు వచ్చింది. దాని పేరే అందరికీ గుర్తుండిపోయింది గానీ, ఉద్యోగాల విషయంలో అసలు పునాది ఈ మున్సిఫ్ పోస్టుల తీర్పే.

తర్వాతి వివాదం కులం నుంచి స్థానికతకు మళ్ళింది. తెలంగాణ ప్రాంతంలోని కొన్ని ఉద్యోగాలు ఆ ప్రాంతంలో నివాసం ఉన్నవారికే దక్కాలని 1957లో పార్లమెంటు చేసిన చట్టాన్ని ఆసరా చేసుకొని నిబంధనలు పెట్టారు. 1969 మార్చిలో సుప్రీంకోర్టు ఆ ఏర్పాటును కొట్టివేసింది. రాష్ట్రం మొత్తానికి నివాస షరతు పెట్టవచ్చునే తప్ప రాష్ట్రంలోని ఒక భాగానికి పెట్టడానికి 16(3) అనుమతించదన్నది కారణం. 1972 అక్టోబరులో అదే సుప్రీంకోర్టు పాత హైదరాబాదు సంస్థానపు ముల్కీ (స్థానికులకే ఉద్యోగాలన్న) నిబంధనలు ఇంకా చెల్లుతాయని చెప్పింది. ఆ తీర్పు వచ్చాక కోస్తా, రాయలసీమల్లో జై ఆంధ్ర ఉద్యమం ఎలా రగిలిందో ఈ ఊళ్ళో పెద్దవాళ్ళకు చెప్పనక్కరలేదు. 1973లో ఆరు సూత్రాల పథకం, ఆ వెంటనే 32వ రాజ్యాంగ సవరణ, దానితో ఉద్యోగాల్లో స్థానికుల వాటా నిర్ణయించే అధికారం రాష్ట్రపతికి ఇచ్చిన 371-డి అధికరణం, 1975 అక్టోబరు 18న రాష్ట్రపతి ఉత్తర్వు వరుసగా వచ్చాయి. ఒక ఉద్యోగ వివాదం రాజ్యాంగ సవరణ దాకా వెళ్ళడానికి ఇంతకంటే పెద్ద ఉదాహరణ నాకు తెలియదు.

ఆ 1975 ఉత్తర్వులో కృష్ణా జిల్లాను ఉభయ గోదావరి జిల్లాలతో కలిపి రెండో జోనులో, గుంటూరును ప్రకాశం, నెల్లూరులతో కలిపి మూడో జోనులో పెట్టారు. అంటే విజయవాడలో చదివినవాడు ప్రకాశం బ్యారేజీ దాటి గుంటూరు వస్తే, జోనల్ పోస్టుల లెక్కలో స్థానికేతరుడయ్యాడు. లోయర్ డివిజన్ క్లర్కు, దానికి సమానమైన పోస్టుల్లో 80 శాతం, జోనల్ స్థాయి నాన్‌గెజిటెడ్ పోస్టుల్లో 70 శాతం, పేర్కొన్న గెజిటెడ్ పోస్టుల్లో 60 శాతం స్థానికులకు కేటాయించారు. మిగిలిన 20, 30, 40 శాతాలు స్థానికేతరుల కోటా అని చాలామంది అనుకుంటారు. అది పొరపాటు. ఆ భాగం స్థానికులు, స్థానికేతరులు అందరూ మెరిట్ మీద పోటీపడేది. ఈ ఒక్క పొరపాటు మీదనే దశాబ్దాల పాటు దావాలు నడిచాయి. నాలుగో తరగతి నుంచి పదో తరగతి దాకా మీరు జాగ్రత్తగా దాచుకొనే స్టడీ సర్టిఫికెట్లకు మూలం కూడా ఈ ఉత్తర్వే. చదువు మధ్యలో జిల్లా మారినవారు దరఖాస్తు చేసేటప్పుడే తమ స్థానికత ఎటు పడుతుందో లెక్క వేసుకోవాలి. సర్టిఫికెట్ల పరిశీలన నాడు కనిపెడితే చేయగలిగింది పెద్దగా ఉండదు.

371-డి కింద ప్రభుత్వోద్యోగ వివాదాల విచారణకు ఏర్పాటైన పరిపాలనా ట్రైబ్యునల్ గురించి ఒక మాట. ట్రైబ్యునల్ ఇచ్చిన ఉత్తర్వును మార్చడానికో రద్దు చేయడానికో రాష్ట్ర ప్రభుత్వానికి అధికారం ఇచ్చే ఉపనిబంధన ఒకటి ఆ అధికరణంలోనే ఉండేది. దావాలో ఓడిన పక్షమే తీర్పును రద్దు చేసుకోగలగడమన్నమాట! 1986 డిసెంబరులో సుప్రీంకోర్టు దాన్ని రాజ్యాంగ మౌలిక స్వరూపానికే విరుద్ధమని కొట్టివేసింది. ఇప్పుడు ఆ ట్రైబ్యునలే లేదు. రాష్ట్ర ప్రభుత్వ నియామకాల మీద ఫిర్యాదు ఉన్నవారు 226వ అధికరణం కింద రిట్ పిటిషన్‌తో నేలపాడులోని హైకోర్టుకు నేరుగా వెళ్ళాలి.

స్థానికత నుంచి ఇక ఎంపిక విధానానికి వస్తాను. ఇంటర్వ్యూల మీద అనుమానాలు ఎంత పాతవో, వాటి మీద తీర్పులూ అంత పాతవే. 1985లో హర్యానా పబ్లిక్ సర్వీస్ కమిషన్ నియామకాల మీద వచ్చిన అశోక్ కుమార్ యాదవ్ కేసులో మాజీ సైనికాధికారులకు ఇంటర్వ్యూ మార్కులు మొత్తంలో 33.3 శాతం, ఇతరులకు 22.2 శాతం ఉన్నాయి. ఇంత వాటా ఇంటర్వ్యూకు ఇస్తే రాతపరీక్షలో తెచ్చుకున్న ఆధిక్యం పది నిమిషాల సంభాషణలో కరిగిపోతుందనీ, 12.2 శాతం మించకుండా ఉండటం మంచిదనీ కోర్టు చెప్పింది. కమిషన్ సభ్యుని బంధువు ఇంటర్వ్యూకు వచ్చినప్పుడు ఆ సభ్యుడు పక్కకు తప్పుకోవాలనీ, ఆ అభ్యర్థి మార్కుల చర్చలో పాల్గొనరాదనీ కూడా చెప్పింది. అయితే ఇన్ని చెప్పిన ఆ కోర్టు ఆ ఎంపికలను రద్దు చేయలేదు. పక్షపాతానికి అవకాశం ఉందని చూపించడం వేరు, పక్షపాతం జరిగిందని రుజువు చేయడం వేరని ఆ తీర్పు చదివినవారికి అర్థమవుతుంది. దురుద్దేశం ఆరోపించే పిటిషన్లు నా దగ్గరకు వచ్చినప్పుడు, ఆ పేరా తీసేసి నియమోల్లంఘన మీదనే నిలబడదామని నేను ఎక్కువసార్లు సలహా ఇస్తాను. దురుద్దేశాన్ని రుజువు చేయాల్సిన బరువు పిటిషనర్ మీద ఉంటుంది. అది మోయలేక అసలు బలమైన వాదన కూడా పలచబడుతుంది.

నియమోల్లంఘన అన్నప్పుడు మొట్టమొదట చదవాల్సింది మన రాష్ట్రం నుంచే వెళ్ళిన మంజుశ్రీ కేసు. 2004లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు పది జిల్లా, సెషన్స్ జడ్జి పోస్టులకు నోటిఫికేషన్ ఇచ్చింది. రాతపరీక్షకు 75 మార్కులు, ఇంటర్వ్యూకు 25 మార్కులు అని నిర్ణయం. రాతపరీక్షలో కనీస మార్కులు తెచ్చుకోవాలన్న షరతు ఉంది, ఇంటర్వ్యూకు అలాంటి షరతు లేదు. పరీక్ష జరిగింది, ఇంటర్వ్యూలు జరిగాయి, రెండూ కూడిన జాబితా తయారైంది. అది న్యాయమూర్తులందరి సమావేశం ముందుకు వెళ్ళినప్పుడు వారు దాన్ని ఆమోదించలేదు. ఒక కమిటీ వేశారు. పరీక్షను నిజానికి 100 మార్కులకు నిర్వహించారు గనుక వాటిని 75కు తగ్గించి లెక్క వేయాలని ఆ కమిటీ చెప్పింది. ఇంతవరకు సమంజసమే, ముందు అనుకున్న నిష్పత్తి అదే. దానితో ఆగకుండా ఇంటర్వ్యూలో కూడా కనీస మార్కులు ఉండాలని చెప్పింది. దాంతో మొదటి జాబితాలో పేరున్న కొందరు జాబితా నుంచి జారిపోయారు.

2008 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఈ రెండింటినీ విడదీసి చూసింది. 75కు తగ్గించడం ముందే చేసిన నిర్ణయాన్ని అమలు చేయడం గనుక చెల్లుతుంది. ఇంటర్వ్యూ అయిపోయాక దానికి కనీస మార్కులు పెట్టడం ఆట ముగిశాక ఆట నియమాలు మార్చడం గనుక చెల్లదు. ఇక్కడ న్యాయ విద్యార్థులు గమనించాల్సిన సంగతి ఒకటుంది. కనీస మార్కులు పెట్టడం చెడ్డ ఆలోచన అని కోర్టు ఎక్కడా అనలేదు. జడ్జి పోస్టుకు ఇంటర్వ్యూలో కనీస స్థాయి కోరడం మంచి ఆలోచనే కావచ్చు. ముందు చెప్పి ఉంటే అది నిలబడేది. ఉద్దేశం ఎంత మంచిదైనా వేళ తప్పితే అది సమానత్వ ఉల్లంఘనే. తప్పిన సంస్థ స్వయంగా హైకోర్టు కావడం వల్ల ఈ తీర్పుకు మరింత బరువు వచ్చిందని నా అభిప్రాయం.

ఈ సూత్రాన్ని ఇంత గట్టిగా పట్టుకోవాలా అని తర్వాత కొందరు న్యాయమూర్తులకే అనుమానం వచ్చింది. రాజస్థాన్ హైకోర్టులో అనువాదకుల పోస్టులకు పరీక్ష అయిపోయాక 75 శాతం కటాఫ్ పెట్టిన వ్యవహారంలో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ప్రశ్నను పెద్ద ధర్మాసనానికి పంపింది. 2024 నవంబరు 7న ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో సమాధానం చెప్పింది. నియామక ప్రక్రియ దరఖాస్తులు పిలిచే ప్రకటనతో మొదలై ఖాళీలు నింపడంతో ముగుస్తుంది. మొదట ప్రకటించిన అర్హతలను, ఎంపిక ప్రమాణాలను మధ్యలో మార్చరాదు, అమల్లో ఉన్న నియమాలో ఆ ప్రకటనో అందుకు అవకాశం ఇస్తే తప్ప. అలా అవకాశం ఉన్నా ఆ మార్పు 14వ అధికరణం పరీక్షకు నిలవాలి. మంజుశ్రీ తీర్పు సరైనదేనని ఆ ధర్మాసనం స్పష్టం చేసింది.

"ప్రకటన అవకాశం ఇస్తే తప్ప" అన్న ఆ మినహాయింపు దగ్గర ఆగండి. నోటిఫికేషన్ చివరి పేజీల్లో, ఫీజు వివరాల తర్వాత, అవసరమైతే ఎంపిక విధానంలో మార్పులు చేసే హక్కు సంస్థకు ఉంటుందన్న వాక్యం ఒకటి కనిపిస్తూ ఉంటుంది. సిలబస్‌ను కంఠస్థం చేసేవారు కూడా ఆ వాక్యం దాకా వెళ్ళరు. రేపు దావా పడితే ప్రభుత్వ న్యాయవాది మొదట వేలు పెట్టి చూపేది దాన్నే. ఆ వాక్యం ఉన్నంతమాత్రాన ఏ మార్పైనా చెల్లుతుందని కాదు. కానీ అప్పుడు వాదన నియమోల్లంఘన నుంచి ఆ మార్పు నిరంకుశమా కాదా అన్నదానికి జరుగుతుంది, అది పిటిషనర్‌కు కష్టమైన వాదన.

మూల్యాంకనం విషయంలో కోర్టులు ఇంకా బిగుసుకొని ఉంటాయి. విశ్వవిద్యాలయమో కమిషనో ప్రకటించిన కీ (సరైన జవాబుల పట్టిక) సరైనదేనని మొదట భావించాలి, అది తప్పని ఎటువంటి తర్కవితర్కాలూ లేకుండా కంటికి కనిపించేలా చూపగలిగితేనే కోర్టు జోక్యం చేసుకోవాలని 1983లో కాన్పూర్ విశ్వవిద్యాలయం కేసులో చెప్పారు. 2017 డిసెంబరులో రణ్‌విజయ్ సింగ్ కేసులో అదే మాటను మరింత గట్టిగా చెప్పి, పునర్మూల్యాంకనానికి నియమాలు అవకాశం ఇవ్వకపోతే కోర్టు చాలా అరుదుగా మాత్రమే దాన్ని అనుమతించాలనీ, అనుమానం ఉంటే ఆ లాభం పరీక్ష నిర్వహించిన సంస్థకే పోవాలనీ అన్నారు. రెండు పుస్తకాల్లో రెండు సమాధానాలు ఉన్నాయని చూపితే, నిపుణుల కమిటీ చూసుకుంటుందని కోర్టు తప్పుకుంటుంది. అందుచేత ప్రాథమిక కీ మీద అభ్యంతరాలు తీసుకొనే ఆ నాలుగైదు రోజుల గడువే మీకు అసలైన విచారణ. ప్రామాణిక గ్రంథం పేజీతో సహా అప్పుడు దాఖలు చేయనివారు తర్వాత రిట్‌లో అదే పేజీ చూపితే, ముందే ఎందుకు చెప్పలేదని అడుగుతారు.

అయితే ఈ బిగువు వల్ల జరిగే నష్టాన్ని కూడా చెప్పాలి. 2011లో ఇచ్చిన గ్రూప్-1 నోటిఫికేషన్‌లో ప్రిలిమ్స్ కీ తప్పుల వివాదం సుప్రీంకోర్టు దాకా వెళ్ళి, మెయిన్స్ మళ్ళీ నిర్వహించేసరికి 2016 వచ్చింది. అప్పటికి కొందరికి వయసు దాటింది, కొందరు వేరే ఉద్యోగాల్లో స్థిరపడ్డారు, కొందరు ఆ ఐదేళ్ళూ అదే పుస్తకాలతో గడిపారు. కీ తయారుచేసే దశలో మరో నిపుణునితో సరిచూపించి ఉంటే తప్పే ఖర్చు అది. కోర్టు కమిషన్ నిపుణులను గౌరవిస్తున్నప్పుడు, ఆ గౌరవానికి తగిన జాగ్రత్త కమిషన్ల వైపు నుంచి కూడా ఉండాలి. ప్రశ్న తొలగించినప్పుడో సమాధానం మార్చినప్పుడో ఏ ఆధారంతో మార్చారో ఒక్క వాక్యం రాయడానికి ఏ చట్టమూ అడ్డురాదు.

2018 చివరలో వచ్చిన గ్రూప్-1 నోటిఫికేషన్‌ది మరో కథ. మెయిన్స్ సమాధాన పత్రాలను డిజిటల్ పద్ధతిలో దిద్దారు. ఆ పద్ధతి ముందుగా చెప్పలేదన్న వాదనను అంగీకరించి 2021లో హైకోర్టు చేతితో దిద్దించమంది. ఆ తర్వాత ఆ దిద్దుబాటు మీదే వివాదం లేచి, 2024 మార్చిలో సింగిల్ జడ్జి ఆ మెయిన్స్‌ను రద్దు చేశారు, డివిజన్ బెంచ్ స్టే ఇచ్చింది. దాని మంచిచెడ్డలు వేదిక మీద మాట్లాడటం న్యాయవాదికి తగదు గనుక ఇంతటితో వదిలేస్తున్నాను. మంజుశ్రీ సూత్రం మార్కులకూ కటాఫ్‌లకే పరిమితం కాదనీ, దిద్దే పద్ధతి దాకా వాదించవచ్చుననీ చూపడానికి మాత్రమే చెప్పాను.

మీ సమాధాన పత్రాన్ని మీరు చూడవచ్చా? 2011 ఆగస్టులో సీబీఎస్ఈ, ఆదిత్య బందోపాధ్యాయ కేసులో సమాచార హక్కు చట్టం కింద అభ్యర్థి తన పత్రాన్ని చూసుకోవచ్చని సుప్రీంకోర్టు చెప్పింది. 2018లో సివిల్ సర్వీసెస్ ప్రిలిమ్స్ మార్కులు, స్కేలింగ్ వివరాలు యూపీఎస్సీ ఇవ్వాలా అన్న కేసులో యాంత్రికంగా ఇవ్వనక్కరలేదని, ప్రజాప్రయోజనం చూపాలని అన్నది. రెండో తీర్పు మొదటిదాన్ని రద్దు చేయలేదు గానీ, సంస్థలు దాన్ని ఒక కవచంలా వాడుకుంటున్నాయి. దీనితో నేను ఏకీభవించను. గోప్యత పరీక్ష ముగిసేదాకా అవసరం. నియామకాలు పూర్తయ్యాక మార్కులు దాచడం వల్ల అనుమానం పెరగడం తప్ప ఒనగూడేది కనబడదు.

ఇప్పుడు కేసులు ఎక్కువగా ఓడే చోటికి వస్తాను. పరీక్షకు కూర్చొని, ఇంటర్వ్యూకు హాజరై, ఫలితం తనకు అనుకూలంగా రాలేదని తెలిశాక ఆ విధానమే తప్పని అనడానికి వీల్లేదని 1995లో మదన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అప్పటి నుంచి ప్రభుత్వం జవాబుగా దాఖలు చేసే ప్రతి కౌంటర్ అఫిడవిట్‌లోనూ ఆ తీర్పు ఉంటుంది. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు జాబితా వచ్చాక నోటిఫికేషన్ తప్పులు వెతికేవారికి ఇది చాలు. కానీ మరో వైపు కూడా చూడండి. పాతికేళ్ళ అమ్మాయి, తెనాలి దగ్గర ఒక పల్లె నుంచి వచ్చి చదువుకుంటోంది. నోటిఫికేషన్‌లో తప్పు ఉందని ఆమెకు తెలిసినా, పరీక్ష మానేసి కోర్టుకు వెళ్ళమనడం సాధ్యమా? 2019లో మీతా సహాయ్ కేసులో సుప్రీంకోర్టు ఈ కష్టాన్ని గుర్తించింది. పరీక్ష రాసినంత మాత్రాన అభ్యర్థి ఎంపిక విధానాన్ని ఒప్పుకొన్నట్టే గానీ అందులోని చట్టవిరుద్ధతను ఒప్పుకొన్నట్టు కాదని చెప్పింది. ఇది న్యాయమైన మాట. అయినా దాని మీద భారం వేసి కూర్చోవద్దు. దరఖాస్తు చేస్తూనే, మీ హక్కులకు భంగం లేకుండా పరీక్ష రాస్తున్నట్టు కార్యదర్శికి రాతపూర్వకంగా ఒక వినతి పంపి, రశీదు దాచుకోండి. రిట్‌కు నిర్ణీత గడువు చట్టంలో లేకపోయినా, ఆలస్యం ఒక్కటే పిటిషన్‌ను కొట్టివేయడానికి చాలిన కారణమవుతుంది.

రెండో పొరపాటు ప్రతివాదులను చేర్చకపోవడం. ఎంపికైనవారిని పక్షాలుగా చేర్చకుండా వారి ఎంపికను రద్దు చేయమని అడగరాదని 1984లో ప్రబోధ్ వర్మ కేసులో స్థిరపరిచారు. అందరి పేర్లూ తెలియకపోతే కొందరినైనా ప్రతినిధులుగా చేర్చాలి. కమిషన్‌నూ ప్రభుత్వ కార్యదర్శినీ చేర్చి ఊరుకుంటే, వాదన ఎంత బలంగా ఉన్నా అక్కడితో ఆగిపోతుంది.

మహిళల రిజర్వేషన్ గురించి ఈ సభ నుంచి ముందే ప్రశ్నలు వచ్చాయి గనుక కొంచెం వివరంగా చెబుతాను. ఎస్సీ, ఎస్టీ, బీసీ రిజర్వేషన్లు నిలువుగా పోస్టులను విడదీస్తాయి. మహిళలు, దివ్యాంగులు, మాజీ సైనికుల రిజర్వేషన్లు ఆ విభాగాలన్నిటినీ అడ్డంగా కోస్తాయి, వీటిని సమాంతర రిజర్వేషన్లు అంటున్నాం. ఓపెన్ కేటగిరీలో 30 పోస్టులున్నాయనుకోండి. మూడో వంతు లెక్కన పదిమంది మహిళలు ఉండాలి. ముందు మెరిట్ ప్రకారం మొదటి 30 మందిని తీయాలి. అందులో ఏడుగురు మహిళలే ఉంటే, కింది నుంచి ముగ్గురు పురుషులను తప్పించి, మెరిట్‌లో తర్వాత ఉన్న ముగ్గురు మహిళలను తేవాలి. పదిమందో పన్నెండుమందో ఉంటే ఇక మార్చేదేమీ లేదు. 2007లో రాజేశ్ కుమార్ దరియా కేసులో చెప్పిన లెక్క ఇదే. ఆ ముగ్గురు మహిళలు ఏ కులం వారైనా కావచ్చుననీ, ఓపెన్ కేటగిరీ అంటే అగ్రకులాల కోటా కాదనీ 2020 డిసెంబరులో సౌరవ్ యాదవ్ కేసులో తేల్చారు. ఇలా కాకుండా రోస్టర్‌లో (ఏ వరుస సంఖ్య పోస్టు ఏ వర్గానికో చెప్పే పట్టికలో) ఫలానా పాయింటు మహిళకని ముందే గుర్తిస్తే, మెరిట్‌లో వచ్చినవారు వేరు, గుర్తించిన పాయింట్లలో వచ్చినవారు వేరు అయిపోయి లెక్క తప్పుతుంది. మన రాష్ట్రంలో గ్రూప్-2 అభ్యర్థులు 2025 ఫిబ్రవరిలో మెయిన్స్‌కు ముందు ఆందోళనకు దిగింది ఈ రోస్టర్ పాయింట్ల మీదనే. మహిళలకు వాటా ఇవ్వడమా మానడమా అన్న తగువుగా దాన్ని కొందరు చిత్రించారు. అసలు వివాదం వాటా మీద లేదు, దాన్ని లెక్కకట్టే తీరు మీద ఉంది.

దివ్యాంగుల విషయంలో 2016 చట్టం కనీసం 4 శాతం పోస్టులు కేటాయించింది. అంతకంటే ముఖ్యమైన మార్పు ఈ మధ్య తీర్పుల్లో వచ్చింది. కంటిచూపు లేదన్న కారణంతో న్యాయాధికారి పోస్టుకు అనర్హులనడం చెల్లదని 2025 మార్చి 3న సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చి, మధ్యప్రదేశ్ నియమాల్లోని ఆ నిషేధాన్ని కొట్టివేసింది.

మంచి ఉద్దేశంతో చేసినది కూడా ఎలా కూలుతుందో చెప్పడానికి మరో తెలుగు ఉదాహరణ ఉంది. షెడ్యూల్డ్ ప్రాంతాల్లోని పాఠశాలల్లో ఉపాధ్యాయ పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇవ్వాలని 2000 జనవరిలో జీవో నంబరు 3 వచ్చింది. బయటి నుంచి వచ్చిన ఉపాధ్యాయులు బడికి రాకపోవడం దానికి కారణం. అది నిజమైన సమస్యే. 2020 ఏప్రిల్‌లో రాజ్యాంగ ధర్మాసనం నూటికి నూరు శాతం రిజర్వేషన్ చెల్లదని కొట్టివేసింది. అప్పటికే చేరినవారి ఉద్యోగాలను మాత్రం షరతులతో కాపాడింది. సూత్రం ప్రకారం ఆ తీర్పును తప్పుపట్టలేం. ఇంద్రా సాహ్నీ కేసులో 1992లో పెట్టిన 50 శాతం పరిమితి ఉండగా నూరు శాతం నిలవడం కష్టం. కానీ గిరిజన బాలుడికి అతని భాష తెలిసిన పంతులు దొరకాలన్న అవసరం ఆ తీర్పుతో తీరిపోలేదు, దాన్ని తీర్చే మరో చట్టబద్ధమైన మార్గం వెతకాల్సిన బాధ్యత ప్రభుత్వం మీదనే మిగిలింది. ఎస్సీ వర్గీకరణ మీద 2004లో మన రాష్ట్ర కేసులో ఒక మాట, 2024 ఆగస్టులో పంజాబ్ కేసులో దానికి ఎదురు మాట రావడం కూడా ఈ కోవదే గానీ, దానికి వేరే సభ కావాలి.

అక్రమాలు రుజువైతే మొత్తం నియామకాలు రద్దవుతాయా అని అడుగుతారు. మచ్చపడినవారిని వేరుచేయగలిగితే వారినే తొలగించాలి, చేయలేనంతగా ప్రక్రియ చెడిపోతే మొత్తం రద్దు చేయాలి. ఇది స్థిరపడిన సూత్రం. పశ్చిమ బెంగాల్ పాఠశాలల నియామకాల్లో జవాబు పత్రాలు నాశనం చేయడం, రికార్డులు మార్చడం వల్ల వేరుచేయడం అసాధ్యమైందని తేలాక 2025 ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు 25 వేలకు పైగా నియామకాల రద్దును ఖాయం చేసింది. అందులో ఏ తప్పూ చేయనివారు కూడా ఉన్నారు. మొత్తం రద్దు కోరుతూ పిటిషన్ వేసేముందు ఆ నిర్దోషుల సంగతి కూడా ఆలోచించమని నా క్లయింట్లకు చెబుతుంటాను. కొందరు కోపగించుకుంటారు.

జాబితాలో పేరు వచ్చినంత మాత్రాన నియామకం హక్కు కాదు. 1991లో శంకర్‌సన్ దాస్ కేసు నుంచి ఇదే మాట, 2024లో తేజ్ ప్రకాశ్ పాఠక్ తీర్పులోనూ ఇదే మాట. ఖాళీలు నింపకూడదని ప్రభుత్వం నిర్ణయించవచ్చు, అయితే దానికి సరైన కారణం ఉండాలి. కారణం చూపమని అడిగే హక్కు జాబితాలో ఉన్నవారికి ఉంటుంది. కోర్టు ఇచ్చే మధ్యంతర ఉత్తర్వులు ఎక్కువగా "నియామకాలు ఈ రిట్ తుది తీర్పుకు లోబడి ఉంటాయి" అన్న రూపంలో వస్తాయి. అది ఓటమి అనుకొని చాలామంది నిరాశపడతారు. మీ పోస్టు ఒక్కటి ఖాళీగా ఉంచమని అడిగి, అది దొరికితే, స్టే కంటే అదే మీకు ఎక్కువ ఉపయోగం. నియామకాలన్నీ ఆపించిన స్టేను ఎంపికైనవారు వచ్చి తొలగింపజేస్తారు, ఒక్క పోస్టు ఖాళీగా ఉంచడాన్ని ఎవరూ అంతగా వ్యతిరేకించరు. గెలిచే రోజుకు మీకు వయసు దాటితే ఏమిటన్న భయానికీ అందులోనే కొంత జవాబుంది, ఎందుకంటే అర్హతను నోటిఫికేషన్‌లో చెప్పిన తేదీ నాటికే లెక్కిస్తారు.

చివరగా ఒక పని గురించి చెప్పి ముగిస్తాను. శాఖలవారీగా ఖాళీలు, రోస్టర్ పట్టిక, స్థానిక, ఓపెన్ విభజన నోటిఫికేషన్‌తో పాటే ప్రకటించకుండా, తర్వాత ప్రకటిస్తామని రాసిన నోటిఫికేషన్ మీకు కనబడితే, దరఖాస్తు గడువు లోపలే రెండు కాగితాలు పంపండి. ఒకటి ఆ పట్టికలు కోరుతూ సమాచార హక్కు దరఖాస్తు, రెండోది అవి లేకుండా ఏ జోనుకు ఆప్షన్ ఇవ్వాలో తెలియడం లేదని కమిషన్ కార్యదర్శికి వినతి. సమాధానం వచ్చినా, రాకపోయినా, ప్రిలిమ్స్ జరిగేలోపే హైకోర్టులో రిట్ వేయడానికి ఆ రెండు కాగితాలూ సరిపోతాయి. ఇక మీ ప్రశ్నలు అడగండి.